వీపు మీద చెయ్యి

పిలిస్తే పలకని నటులంటే నాకు పడదు. చెప్పిన చోట నిలబడని నటులంటే అసలే పడదు. ముప్ఫై ఏళ్లు న్యూయార్క్ నాటకశాలల్లో స్టేజి మేనేజరుగా చేసినవాణ్ణి. రెండు రకాల వాళ్లతోనూ గొంతు పోయేలా అరిచాను. నా పేరు ఎమిల్ నోవాక్ అయినా, వెనకాల నన్ను అందరూ హెడ్మాస్టరు అనేవాళ్లు. ఆ సంగతి నాకు తెలుసు.

తెర లేవడానికి అరగంట ముందు, పావుగంట ముందు, ఐదు నిమిషాల ముందు మేకప్ గదుల నడవాలో నడుస్తూ కేక వెయ్యడం మా పని. లోపలివాళ్లు విన్నామన్నట్టు ఆ లెక్కే తిరిగి చెప్పాలి. "ఐదు నిమిషాలు" అంటే "ఐదు, థాంక్యూ" అని. పేరొచ్చాక చాలామంది పలకడం మానేస్తారు. కొరిన్ వాడెల్ మాత్రం అరవై తొమ్మిదో ఏట కూడా, తలుపు మీద అందరికన్నా పెద్ద అక్షరాల్లో పేరుండి కూడా, కొత్తగా చేరిన పిల్లలా పలికేది. హాలీవుడ్‌లో ఉన్న రోజుల్లో షాటు సిద్ధమని కబురొచ్చినా ఇలాగే పలికేదట. లైట్లవాళ్లు మొదట నవ్వారట. నెల తిరిగేసరికి స్టూడియోలో అందరూ పలకడం మొదలుపెట్టారట.

ఆవిడ ఒహాయోలోని టొలీడోలో ఒక మంగలి కూతురు. పదహారో ఏట ఊరూరా తిరిగే నాటక కంపెనీలో చేరి, ఇరవయ్యో ఏట మూకీ చిత్రాల్లోకి వెళ్లింది. అక్కడ ఉండగా ఏక్రన్ అనే ఊరి నుంచి ఒక ఉత్తరం వచ్చింది. రాసింది రబ్బరు కర్మాగారంలో పనిచేసే హారియెట్ ఆస్ట్రాండర్ అనే చెవిటి ఆవిడ. "మీ కొత్త చిత్రం చూశాను. బిడ్డ పోయిందని ఏడుస్తూ మీరు అన్న మాట ఏమిటో మీ పెదవులు చూసి మా చెవిటివాళ్లందరికీ తెలిసింది. బూటు కరుస్తోంది, త్వరగా కానివ్వండి అన్నారు. మేం ఏడవాలో నవ్వాలో మీరే చెప్పండి" అని రాసింది.

ఇంకొకరైతే ఆ ఉత్తరాన్ని నలుగురికీ చదివి వినిపించి నవ్వుకునేవారు. కొరిన్ రైలెక్కి ఏక్రన్ వెళ్లి ఆవిడకు క్షమాపణ చెప్పుకుంది. అప్పటినుంచి మూకీల్లో కూడా ప్రతి మాటా రాసింది రాసినట్టే పలికింది. వినేవాళ్లు లేకపోయినా చూసేవాళ్లున్నారని ఆవిడ లెక్క. ఆ ఇద్దరూ ముప్ఫై ఏళ్లు స్నేహితులుగా ఉన్నారు. కొరిన్ హారియెట్ దగ్గర సరదాగా పెదవులు చదవడం నేర్చుకుని, హోటల్లో అవతలి బల్ల దగ్గరి మొగుడూ పెళ్లాలు ఏం తిట్టుకుంటున్నారో మాకు చెప్పి నవ్వించేది. టాకీలు వచ్చాక పదేళ్లు హీరోయిన్‌కి అక్కగా, ఆసుపత్రిలో నర్సుగా వేసి వేసి విసిగిపోయి, నలభయ్యో ఏట రంగస్థలానికి తిరిగొచ్చింది. ఆ తర్వాత ఆవిడ నిలబడితే చాలు, గ్యాలరీలో చివరి వరుసవాడు కూడా దగ్గు ఆపుకునేవాడు. నేను చూసిన నటుల్లో ఆవిడ అంతటి మనిషి ఇంకొకరు లేరు. ఈ మాట నేను ఊరికే అనే రకం కాదు.

నేను చెప్పబోయేది 1967 శరత్కాలం సంగతి. అది ఒక జాలరి కుటుంబం నాటకం. తండ్రి పడవ వారమైనా తిరిగిరాదు. మూడో అంకంలో ప్రేక్షకుల వైపు కిటికీ ఉన్నట్టు కొడుకు వాళ్లకేసి చూస్తూ నిలబడతాడు. తల్లి అతని వెనక, బల్ల దగ్గర ఉంటుంది. చాలాసేపు మౌనం. తర్వాత కొడుకు "అమ్మా, అది మన పడవ కాదు" అంటాడు. తల్లి "తలుపు తెరిచే ఉంచు" అంటుంది. అంతే, హాలంతా జేబురుమాళ్లు తీసేది. ఆ మౌనం ఎంతసేపన్నది దర్శకుడు కొడుకు వేషం వేసిన కుర్రాడికే వదిలేశాడు, అందుకని అది రోజుకో తీరుగా ఉండేది.

ఆ కుర్రాడు బోస్టన్‌వాడు, రస్ ట్వోమీ, ఇరవై ఆరేళ్లవాడు. మంచివాడే అనుకుంటూ ఉండగా సెప్టెంబరు నుంచి ఒక తప్పు మొదలుపెట్టాడు. ఆ మాట అనేటప్పుడు తల వెనక్కి, తల్లి వైపు తిప్పుతున్నాడు. దర్శకుడు అలా చెప్పలేదు. నటుల కదలికలూ, ఆటలో జరిగేవీ అన్నీ రాసుకునే నా పుస్తకంలో అలా లేదు. నోటీసు బోర్డు మీద రాసి పెట్టాను. పొరపాటైంది ఎమిల్ గారూ అన్నాడు, మర్నాడు మళ్లీ తిప్పాడు. నాలుగోసారి, ఒక మంగళవారం, మెట్ల మొదట్లో నిలబెట్టి కడిగేశాను.

"పక్కనించి చూస్తే నీ మొహం బావుంటుందని ఎవరన్నా చెప్పారా?"

"లేదండీ."

"మరింకేం? ఇంకోసారి తిప్పావంటే నిర్మాతకి రాసిస్తాను. తర్వాత నీ ఇష్టం."

ఏదో చెప్పబోయి నోరు మూసుకున్నాడు. పొగరు అనుకున్నాను.

మర్నాడు బుధవారం మ్యాట్నీ. నిర్మాత బ్రిల్ గంట ముందే వచ్చి నన్ను ముందు హాలులోకి పిలిచాడు. మిస్ వాడెల్‌కి చెవులు వినబడటం లేదని ఎవరో చెప్పారట. వసంతంలో షికాగో మొదలుకొని పన్నెండు ఊళ్లు తిరగాలి, వినబడని మనిషిని తీసుకుని ఎలా బయల్దేరతానన్నాడు. ఈ మ్యాట్నీ కూర్చుని చూస్తానని, ఒక్క మాట సరిగా అందుకోకపోయినా సాయంత్రం ఆటకి బదులు నటిని దింపుతానని తేల్చేశాడు. నాకు ఒళ్లు మండింది. రోజుకి మూడుసార్లు నా కేకకి పలికే మనిషికి చెవుడేమిటన్నాను. అయితే భయమెందుకు అన్నాడు.

ఆయనతో మాట్లాడుతూ ఉండిపోవడం వల్ల అరగంట కేక నా సహాయకురాలు వేసింది. పావుగంట కేకకి నేను వెళ్లాను. "పావుగంట" అని అరిచాను.

లోపలినుంచి మిస్ వాడెల్ హాయిగా పలికింది. "అరగంట, థాంక్యూ."

నోరు జారి ఉంటుందని నాకు నేను చెప్పుకున్నాను. మనకి ఇష్టమైన మనిషి విషయంలో మనం ఎంత మొండిగా ఉంటామో చూడండి.

రెండు అంకాలు ఒక్క లోపం లేకుండా జరిగాయి. నేను స్టేజి పక్క వింగ్‌లో నా కుర్చీలో పుస్తకం తెరిచి కూర్చున్నాను. మూడో అంకంలో రస్ ప్రేక్షకుల వైపు తిరిగి నిలబడ్డాడు. మౌనం మొదలైంది. ఎప్పుడూ తల తిప్పే సమయం వచ్చింది, పోయింది. తిప్పలేదు. బదులుగా కళ్లు మాత్రం కదిలించి వింగ్‌లో ఉన్న నాకేసి చూశాడు. ఆ చూపుతో నాకు అంతా అర్థమైంది. వాడు ఇన్నాళ్లూ తిప్పింది ఆవిడకి తన పెదవులు కనబడాలని. దాన్ని ఆపించింది నేను.

మాట మర్చిపోయిన నటుడికి వింగ్‌లోంచి అందివ్వగలను. వినబడని మనిషికి ఏం అందివ్వను? బ్రిల్ మూడో వరుసలో కూర్చుని ఉన్నాడు. రస్ మాట అనకుండా ఆగాడు, ఇంకా ఆగాడు. ఆ మాట అనేస్తే ఆవిడ పని అయిపోతుందని వాడికి తెలుసు.

అప్పుడు మిస్ వాడెల్ బల్ల దగ్గరినుంచి కదిలింది. నూట పన్నెండు ఆటల్లో ఆ చోటు నుంచి ఒక్క అడుగు వెయ్యని మనిషి, మెల్లగా నడిచి వెళ్లి కొడుకు వెనక నిలబడి, రెండు భుజాల మధ్య వీపు మీద అరచెయ్యి ఆన్చింది.

రస్ కళ్లు మూసుకున్నాడు. "అమ్మా, అది మన పడవ కాదు."

ఆవిడ చెయ్యి అలాగే ఉంచింది. ఆ వీపులో కదలిక ఆగాక, ఒక ఊపిరి తీసుకుని, "తలుపు తెరిచే ఉంచు" అంది.

హాల్లో ఏడుపు పైకే వినిపించింది. నేను తర్వాతి లైటుకి సైగ చెయ్యడం రెండు క్షణాలు ఆలస్యం చేశాను. ముప్ఫై ఏళ్లలో నేను చేసిన తప్పు అదొక్కటే.

తెర పడగానే బ్రిల్ కళ్లు తుడుచుకుంటూ వచ్చాడు. ఆ చెయ్యి ఎవరి ఆలోచన అన్నాడు. ఆవిడదేనన్నాను. పుస్తకంలో ఎక్కించు, రోజూ అలాగే జరగాలి అన్నాడు. తర్వాత గొంతు తగ్గించి చెవుల సంగతి అడిగాడు.

"ఈ నాటకంలో ఆవిడ ఒక్క మాట కూడా ఆలస్యంగా అందుకోలేదు సార్. నా పుస్తకంలో అన్నీ రాసి ఉంటాయి, చూసుకోండి."

అందులో అబద్ధమేమీ లేదు. ఆయన కాసేపు నా మొహం చూసి, షికాగోకి టిక్కెట్లు కొనమని చెప్పి వెళ్లిపోయాడు.

ఆవిడ గది తలుపు కొట్టాను. పలకలేదు. తెరిచి వెళ్లి, అద్దంలో నా మొహం కనబడేలా నిలబడ్డాను.

"ఎప్పట్నించి?" అని అడిగాను.

"ఎడమది వసంతంలో పోయింది. కుడిది ఆగస్టులో."

"మరి నా కేకలకి ఎలా పలికారు?"

"నీ నడకేమన్నా మామూలు నడకా? ఏనుగొచ్చినట్టు నేలంతా అదురుతుంది. మొదటిసారి అదిరితే అరగంట, రెండోసారి పావుగంట. ఇవాళ మొదటిసారి ఎవర్ని పంపించావో గానీ, నా లెక్క తప్పింది."

నాకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. రస్ సంగతి తెలియక నేనే మీ పీక మీదకి తెచ్చానని చెప్పబోయాను. ఆవిడ చెయ్యెత్తి ఆపింది.

"నిన్న నువ్వు ఆ అబ్బాయిని తిడుతుంటే మెట్ల పైనించి నీ పెదవులు చదివాను. మొహం బావుంటుందని ఎవరన్నా చెప్పారా అన్నావు. పాపం, వాడు నాకోసం పడ్డాడయ్యా. ఒక్క ముక్క బయటపెట్టలేదు."

"మరి నాకు చెప్పొచ్చు కదా?"

"చెబితే నువ్వు పుస్తకంలో రాసుకోవాలి. రాయకపోతే నీకు నిద్ర పట్టదు. అందుకని నేనే ఏదో ఒకటి చూసుకున్నాను." పౌడరు తుడుచుకుంటూ అద్దంలోంచి నవ్వింది. "అయినా తల తిప్పొద్దని వాడికి చెప్పావు గానీ, కదలొద్దని నాకు చెప్పలేదుగా."

ఆ సాయంత్రం ఆటకి ముందే నోటీసు బోర్డు మీద నా చీటీలన్నీ పీకేసి, రస్‌కి అందరి ముందూ క్షమాపణ చెప్పాను. తర్వాత ఆవిడ గదిలోకి వెళ్లి, అద్దం ముందు ఐదు వేళ్లు చూపించాను.

"ఐదు, థాంక్యూ" అంది.

షికాగో నుంచి పన్నెండు ఊళ్లూ తిరిగాం. ఆవిడ ఆఖరి ఆట దాకా ప్రతి కేకకీ పలికింది. పోయి ఇప్పటికి పదిహేనేళ్లు దాటింది.

నాటకం అచ్చు వేసేటప్పుడు పాత్రల కదలికలు నాలాంటివాళ్ల పుస్తకాల్లోంచే ఎక్కిస్తారు. ఆ చెయ్యి కూడా అలాగే ఎక్కింది. మొన్న న్యూజెర్సీలో మా మనవరాలి బడిలో ఆ నాటకమే వేశారు. జుట్టుకి పిండి రాసుకున్న పదహారేళ్ల పిల్ల బల్ల దగ్గరినుంచి కదిలి, ఆ కుర్రాడి వెనక్కి వెళ్లి, భుజాల మధ్య అరచెయ్యి ఆన్చింది. ఇనప కుర్చీలో కూర్చుని నేను బాహాటంగానే ఏడ్చాను. మనవరాలు సిగ్గుతో చచ్చిపోయింది.

తర్వాత ఆ పిల్లని నడవాలో పట్టుకుని, ఆ చెయ్యి ఎందుకు వేశావమ్మా అని అడిగాను.

"పుస్తకంలో ఉందండీ" అంది. తను కొత్తగా కనిపెట్టిన సంగతేదో చెబుతున్నట్టు మళ్లీ అంది. "కానీ నిజంగా అలా వేస్తే, వాడి మాట చేతికి వినబడుతుంది. తెలుసా మీకు?"

తెలుసమ్మా అన్నాను.