ఏ సందు నిదానం

పండుగ పొద్దున పెంకుల మేస్త్రీ ఇంటికప్పు మీద నుంచి జారిపడ్డాడు. పగిలిన పెంకు ఒకటి తొడలో లోతుగా దిగింది. అతని భార్య, కొవ్వొత్తులు పోసే ఆవిడ, పరుగున వచ్చేసరికి అదిమిపట్టిన గుడ్డ తడిసి ముద్దయింది.

కుట్లు వేసే డాక్టరు నది అవతల ఉన్నాడు. మరిది పడవెక్కాడు. ఎంత తొందరపడ్డా తిరిగొచ్చేసరికి మధ్యాహ్నమవుతుంది. ఇలా నెత్తురు పోతుంటే మనిషి అంతదాకా ఆగేలా లేడు.

"నిదానం సందులో పెడదాం వదినా," అంది ఆడపడుచు.

ఆ మాటకు ఆమెకు ప్రాణం లేచొచ్చింది. ఆ రోజు తేడా గడియల పండుగ. ఏటా ఆ ఒక్కరోజు సంత వెనక రెండు సందుల్లో కాలం తిక్కతిక్కగా నడుస్తుంది. ఒకదాంట్లో నత్తలా పాకుతుంది. లోపల టీ కాచుకునేలోపు బయట పూట గడిచిపోతుంది. రెండోదాంట్లో లగెత్తుతుంది. బయట తుమ్మి ముక్కు తుడుచుకునేలోపు లోపల పొద్దు గుంకుతుంది. ఎదురుచూసి విసిగినవాళ్లు నిదానం సందులోకి, చెప్పిన రోజుకు బట్టలు కుట్టని దర్జీలు పరుగు సందులోకి దూరతారు.

ఏ ఏడు ఏ సందు నిదానమో ముందుగా ఎవరికీ తెలియదు. తెల్లవారగానే కాపలా తాత రెండింట్లోనూ ఒకే రకం కొవ్వొత్తులు వెలిగిస్తాడు. మెల్లగా కాలిన వైపు తలుపు మీద సున్నంతో గీత కొడతాడు. కొవ్వొత్తులు పోసేది ఆవిడే. జనానికి తలుపులు తీసేది మధ్యాహ్నమే అయినా, మేస్త్రీని చూసి తాత మారుమాట్లాడకుండా గీత ఉన్న తలుపు తీశాడు. గాయాన్ని అదిమిపట్టుకుని ఆడపడుచు కూడా లోపలికి వెళ్లింది. తలుపు పడింది.

డాక్టరుకు శుభ్రమైన గుడ్డలు కావాలి కదా అని ఆవిడ తన కొవ్వొత్తుల కొట్టుకు వెళ్లింది. గుడ్డలు తీస్తూ తలెత్తింది. పండుగకని పోసిన సన్న కొవ్వొత్తుల పెట్టె అరలో అలాగే ఉంది, కట్టిన దారం కూడా విప్పలేదు. పక్క అరలో, రోగుల గదికి పోసే లావు కొవ్వొత్తుల్లో ఒకటి తక్కువ.

తాత వచ్చి అడిగితే ఇచ్చింది ఆడపడుచు. పెట్టెలోంచి ఇచ్చిందనే ఆవిడ అనుకుంది. ఈ పిల్ల పెట్టె విప్పకుండా, విడిగా పడున్న సన్నది ఒకటి, లావుది ఒకటి చేతికందినట్టు ఇచ్చేసిందన్నమాట. లావుది ఎక్కడ పెట్టినా తెల్లవార్లూ కాలుతుంది. అది పరుగు సందులో పెట్టి ఉంటే, తాత గీత కొట్టింది పరుగు సందుకే.

అంటే ఈపాటికి లోపల రాత్రయింది. కుట్లు లేకుండా.

గుడ్డలు చంకన పెట్టుకుని ఆవిడ సంతకు అడ్డంపడి పరుగెత్తింది. తాత స్టూలు మీద కునుకు తీస్తున్నాడు.

"తాతా, తలుపు తియ్. కొవ్వొత్తులు తప్పు."

"ఏ కొవ్వొత్తులు?" అన్నాడు తాత కళ్లు నులుముకుంటూ.

"నువ్వు పొద్దున వెలిగించినవి. ఒకటి సన్నం, ఒకటి లావు."

తాత అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "నేను వెలిగించలేదమ్మాయ్."

"మరి గీత ఎలా కొట్టావ్?"

"ఎవరితోనూ అనకు. ఏటా టీ గ్లాసు బయట పెట్టి సందులోకెళ్లి ఓ నిమిషం కునుకు తీస్తా. లేచొచ్చేసరికి టీ నీళ్లలా చల్లారితే అది నిదానం. ఇంకా నాలుక కాలితే పరుగు. నీ కొవ్వొత్తులు ఇంట్లో దీపానికి వాడుకుంటున్నా."

"ఇన్నేళ్లూనా?"

"ఇన్నేళ్లూ. పొద్దున ఆ టీ మీద మీగడ కట్టింది, కావాలంటే చూసుకో."

నమ్మాలని ఉంది, నమ్మకం కుదరడం లేదు. నిద్రమొహం మాట మీద మొగుణ్ణి వదిలేస్తుందా? తలుపు తీసి చూద్దామంటే, అది నిజంగా నిదానమే అయితే లోపల అడుగుపెట్టిన మరుక్షణం డాక్టరు బయట వెతుక్కుంటూ ఉంటాడు. ఆవిడ ఎడమకాలి చెప్పు తీసింది. బలంకొద్దీ గోడ మీదుగా విసిరింది.

చెప్పు గోడ దాటింది. దాటి, గాల్లోనే ఆగిపోయింది. మడమ పైకి, ముక్కు కిందికి, దండెం మీద ఆరేసినట్టు వేలాడుతోంది. కళ్లు చికిలించి చూస్తే వెంట్రుకవాసి దిగుతున్నట్టు ఉంది, అంతే.

ఆవిడ గోడకు జారబడి కూర్చుండిపోయింది. నవ్వో ఏడుపో తెలియని శబ్దం ఒకటి గొంతులోంచి వచ్చింది.

"టీ తాగుతావా?" అన్నాడు తాత. "ఇది వేడిదేలే."

మరిది డాక్టరును దాదాపు మోసుకొచ్చేసరికి ఎండ నడినెత్తికి వచ్చింది. తలుపు తీసి ముగ్గురూ లోపలికి దూకారు. సరిగ్గా అప్పుడే చెప్పు మేస్త్రీ పొట్ట మీద టపీమని పడింది.

"ఏం మర్చిపోయావ్ వదినా?" అంది ఆడపడుచు, గాయం మీద చేయి తీయకుండానే. "ఇప్పుడేగా తలుపేశావ్."

మేస్త్రీ మొహం పాలిపోయి ఉంది గానీ నోరు పనిచేస్తూనే ఉంది. "డాక్టరుగారూ, చూడండి. కట్టుకున్న మొగుణ్ణి పడుకోబెట్టి చెప్పుతో కొడుతోంది."

"మాట్లాడుతున్నాడు, ఇంకేం," అన్నాడు డాక్టరు సూదిలో దారం ఎక్కిస్తూ. "కాలు పట్టుకోమ్మా."

ఆవిడ రెండు చేతులా పట్టుకుంది. చేతి కింద నాడి కొట్టుకుంటోంది. కుట్టు మీద కుట్టు పడుతుంటే గోడ మీది ఎండ బల్లిలా జరజరా పాకి పైకి పోయింది. బయట పండుగ డప్పులు దోమల గుంపులా కీచుమని మోగి, ఆఖరి ముడి పడేసరికి సద్దుమణిగిపోయాయి.

"పండుగ అయిపోయిందా ఏంటి?" అన్నాడు మేస్త్రీ.

"అయిపోతే పోనీ," అందావిడ, కాలు వదలకుండా.