పదకొండో దెబ్బ

మా బడిలో హాజరు వేశాక ఎంతమంది పిల్లలు వచ్చారో అన్ని దెబ్బలు గంట కొడతాం. గంట అంటే నిజం గంట కాదు, వసారా దూలానికి గొలుసుతో వేలాడదీసిన రైలు పట్టా ముక్క. దాని మోత వాగు దాటి, అవతలి వాలు మీది చేలదాకా వినిపిస్తుంది. అక్కడ పని చేసుకునే తల్లులు కొడవలి ఆపి లెక్కపెట్టుకుంటారు. పొద్దున ఎంతమందిని పంపారో వాళ్ళకు తెలుసు. లెక్క సరిపోతే మళ్ళీ పనిలో పడతారు. ఒక్కటి తగ్గినా కొడవళ్ళు పడేసి వాగు వైపు పరుగెత్తుకొస్తారు.

నాకు ముందు పనిచేసిన మాస్టారు పెట్టిన పద్ధతి ఇది. ఒక వానాకాలం ఓ పిల్లవాడు వాగులో జారిపోయాడు. వాడు బడిలో ఉన్నాడని ఇంట్లోవాళ్ళు, ఇంట్లో ఉన్నాడని మాస్టారు, సాయంత్రం దాకా ఎవరి మానాన వాళ్ళు నిశ్చింతగా ఉన్నారు. ఆ మరుసటి రోజే ఈ పట్టా ముక్క వేలాడింది. నేనొచ్చిన మొదటి రోజు ఆయా నన్ను దాని ముందు నిలబెట్టి, "పాఠం ఒకరోజు తప్పినా ఫర్వాలేదు టీచరమ్మా, ఇది మాత్రం తప్పకూడదు" అంది.

ఒకే గది, అయిదు తరగతులు, పదకొండు మంది పిల్లలు, నేను. వంట, ఊడ్పు, నా నోటి దురుసుకు అడ్డుకట్ట వేయడం ఆయా పని. నాకు ముక్కు మీద కోపమని పిల్లలకూ తెలుసు. సుద్దముక్క విరిగినా తిడతానని వెనక బెంచీలో గుసగుసలు.

ఆ ఏడాది కొత్త ఉత్తర్వు వచ్చింది. తనిఖీ రోజున పదకొండు మందికి తక్కువ కనిపిస్తే బడి మూసేసి, పిల్లల్ని కొండ అవతలి పెద్ద బడిలో కలిపేస్తారట. తొమ్మిది కిలోమీటర్లు. కాగితం మీద గీత గీసినవాడు ఒక్కసారి ఆ దారిన నడిచి ఉంటే తెలిసేది. ఆరేళ్ళ పిల్లలు అంత దూరం నడవలేరు. నడుస్తామన్నా తల్లులు పంపరు. బడి పోతే ఈ పదకొండు మంది చదువూ అక్కడితో సరి. ఆ కాగితం వచ్చినప్పటి నుంచి నాకు కంటి మీద కునుకు లేదు.

తనిఖీ అధికారి చెప్పాపెట్టకుండా వచ్చారు. బండి ఎక్కడో వదిలేసి, ప్యాంటు మడిచి, చెప్పులు చేత్తో పట్టుకుని, కొండదారి గుండా తొమ్మిదిన్నరకు గుమ్మంలో నిలబడ్డారు. మంచి మనిషే. వచ్చీరాగానే పిల్లల్ని కూర్చోమని, తలలు లెక్కపెట్టారు.

"పది మందే ఉన్నారేంటమ్మా?"

రానిది మిడత. మూడో తరగతి. అసలు పేరుతో పిలిస్తే తనే పలకదు. ఒక బండ మీంచి ఇంకో బండకు గెంతుకుంటూ, దారిలో కనిపించిన ప్రతి పురుగునూ పలకరించుకుంటూ వస్తుంది. వారంలో మూడు రోజులు అందరికంటే ఆఖరున ఊడిపడేది అదే. అది వచ్చాకే గంట కొట్టేదాన్ని. పది నిమిషాల్లో వచ్చేస్తుంది, ఇంకెక్కడికి పోతుంది అనుకున్నాను.

"పదకొండో పిల్ల బాత్రూంకి వెళ్ళింది సార్" అన్నాను.

హాజరు పట్టీలో పదకొండు టిక్కులు పెట్టాను. ఆయన వసారాలోకి వచ్చి పట్టా ముక్కను వింతగా చూశారు. ఆగలేక ఆ పద్ధతి గురించి గొప్పగా చెప్పాను. నా నోటికి తాళం వేసేవాళ్ళు ఆ క్షణాన లేకపోయారు.

"బాగుందమ్మా! ఏదీ, కొట్టండి, వింటాను."

సుత్తి చేతిలోకి తీసుకున్నాను. పది దెబ్బలు కొడితే ఆయన లెక్కపెడతారు, అబద్ధం బయటపడుతుంది, బడి పోతుంది. పదో దెబ్బ దగ్గర నా చెయ్యి ఆగింది. అది దారిలోనే ఉంటుంది, అడుగుపెట్టగానే ఈ లెక్క నిజమైపోతుంది అని నాకు నేనే నచ్చజెప్పుకున్నాను. పదకొండోది కొట్టాను.

గదిలో పిల్లలంతా తలెత్తారు. వాళ్ళకూ లెక్క వచ్చు, నేర్పింది నేనేగా. ముందు వరసలో చిన్నది "టీచర్, మిడత ఇంకా..." అనబోయింది. కళ్ళురిమి చూశాను. నోరు మూసుకుంది.

ఆయన పట్టీలు చూశారు, లెక్కలు అడిగారు, బియ్యం డబ్బా మూత తీసి చూశారు. నేను గుమ్మం వైపే చూస్తున్నాను. పది గంటలైంది. పదిన్నరైంది. "ఆ పాప ఇంకా రాలేదేంటి?" అని ఆయనే అడిగారు. ఆయా వంటగదిలోంచి, "కడుపునొప్పయ్యా, నా దగ్గర పడుకోబెట్టాను" అంది. నా వైపు మాత్రం చూడలేదు. పదకొండింటికి ఆయన సంతకం పెట్టి, ఇలాంటి బళ్ళు ఉండాలమ్మా అని మెచ్చుకుని మరీ వెళ్ళారు.

ఆయన మలుపు తిరగడమే ఆలస్యం, పిల్లల్ని ఆయాకు వదిలేసి వాగు వైపు పరుగెత్తాను.

కాలిబాట కింద, రెండు బండల మధ్య ఉంది మిడత. కాలు ఇరుక్కుపోయింది. నడుం దాకా నీళ్ళు. పెదవులు నీలంగా మారాయి. పుస్తకాల సంచీ తడవకుండా నెత్తిన పెట్టుకుని రెండు చేతులతో పట్టుకుంది. ఏడవడం లేదు.

"అరవలేదేంటే! గట్టిగా అరిస్తే ఎవరో ఒకరు వచ్చేవాళ్ళు కదే!" అప్పుడు కూడా తిట్టాను.

"అరిచాను టీచర్. గంట కొట్టేదాకా అరిచాను" అంది. పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. "పది కొడతారు, అమ్మవాళ్ళు వస్తారు అనుకున్నా. పదకొండు కొట్టారు. ఇంకెవరూ రారులే అని ఊరుకున్నా."

దాన్ని ఎలా పైకి లాగానో, వీపున వేసుకుని అవతలి వాలు ఎలా ఎక్కానో గుర్తు లేదు. చేలో తల్లులంతా లేచి నిలబడ్డారు. మిడత వాళ్ళమ్మ ఎదురొచ్చింది. కూతురి వేలాడే కాలు చూసింది, నన్ను చూసింది.

"పదకొండు వినిపించింది టీచరమ్మా" అంది. "నేనే తప్పుగా లెక్కపెట్టానా?"

అవును అంటే నమ్మేసేది. జీవితాంతం తన చెవుల్నే తిట్టుకునేది. ఆ మాట నా నాలుక చివరి దాకా వచ్చింది కూడా.

"లేదమ్మా" అన్నాను. "నువ్వు సరిగ్గానే విన్నావు. నేనే పదకొండు కొట్టాను. అధికారి ఉన్నారని, బడి పోతుందని కొట్టాను."

తిడుతుందనుకున్నాను. కొట్టినా పడేదాన్ని. ఆమె పిల్లను నా వీపు మీంచి తన భుజానికి ఎత్తుకుంది.

ఎముక విరిగింది. కట్టు వేశారు, ఆరు వారాలు కదలకూడదన్నారు. పది రోజులకు కాగితం వచ్చింది. హాజరు సంపూర్ణం, బడి కొనసాగుతుంది. జరిగింది జరిగినట్టు ఆ అధికారికి ఉత్తరం రాశాను. అది ఇప్పటికీ నా సొరుగులోనే ఉంది. పంపే ధైర్యం లేదు, చించే ధైర్యమూ లేదు.

మిడత పడిన మరుసటి రోజు పది దెబ్బలు కొట్టాను. పంపింది పది మందినే, వచ్చింది పది మందే. లెక్క సరిపోయింది. అయినా కాసేపటికి ఒక తల్లి చేతిలో కొడవలితోనే వాగు దాటి, వాలెక్కి వచ్చింది. కిటికీ దగ్గర నిలబడి ఒక్కొక్క తలా వేలితో లెక్కపెట్టింది. మరునాడు ఇంకొకామె. ఆ తర్వాత వంతులు వేసుకున్నారు.

ఒకరోజు ఉండబట్టలేక అడిగాను. "గంట వినిపించడం లేదా అమ్మా?"

"వినిపిస్తోంది టీచరమ్మా" అందామె, ఎంతో మర్యాదగా. "అయినా ఒకసారి కళ్ళతో చూసి పోదామని."