తిట్టని పిన్ని

"తడి తువ్వాలు మంచం మీద యెందుకేసినావురా? ఎన్ని తూర్లు చెప్పాల నీకు?" కరుణాకుమారి కొడుకు వీపు మీద ఒక్కటి చరిచింది.

"నేను కాదుమా!" జడ్సన్ గింజుకున్నాడు.

"నేనే వేసినా పిన్నీ," అంది ఫేబీ. కావాలనే వేసింది.

కరుణ గొంతు ఇట్టే మెత్తబడింది. "నువ్వా తల్లీ? పోనీలే, ఆరిపోద్దిలే."

"అక్కేస్తే పోనీలే, నేనేస్తే వీపు విమానం మోతా?" వాడి ఏడుపు వాడిది.

ఫేబీ వాళ్లమ్మ పోయిన రెండేళ్లకు నాన్న విజయభాస్కర్ కరుణను చేసుకుని, ఆమె కొడుకుతో సహా ఇందుకూరుపేట తీసుకొచ్చాడు. ఏడాదిన్నరగా ఫేబీ ఒక్క తిట్టు తినలేదు. చుట్టపుచూపుగా వచ్చిన పిల్లనైనా ఎవరూ అంత మర్యాదగా చూడరు.

ఆ ఆదివారం చర్చి నుంచి వచ్చాక టీవీలో పాత సినిమా పెట్టారు. పక్కింటి పుష్పకుమారి కూడా వచ్చి కూర్చుంది. తెర మీద సవతి తల్లి తన కొడుక్కి నెయ్యి పోసి, సవతి కూతురి ముందు పాచి కూడు విసిరింది. పుష్పకుమారి కొంగుతో కళ్లొత్తుకుని, "మన కరుణ అట్ట కాదులే. పిల్లచేత పుల్ల కూడా ఎత్తించదు," అంది. కరుణ నవ్వలేదు. దిండు తెచ్చి ఫేబీ వీపు వెనక సర్దింది.

చివర్లో సినిమా తల్లికి బుద్ధొచ్చింది. పిల్ల "అమ్మా" అంటూ వాటేసుకుంది. తిట్టినామె దగ్గరికైతే అలా ఏడ్చుకుంటూ పోవచ్చు. దిండు సర్దే మనిషి దగ్గరికి ఏమని పోవాలో ఫేబీ చూసిన ఏ సినిమాలోనూ లేదు.

విజయభాస్కర్ రొయ్యల గుంటల దగ్గర్నుంచి రాగానే అన్నాలకు కూర్చున్నారు. నిన్న కాచిన చేపల పులుసు. ముక్కకు పులుపు పట్టాలంటే ఒక రాత్రి నిలవుండాల్సిందేనని ఆ వైపు చంటిపిల్లలకూ తెలుసు. కరుణ మొగుడికీ కొడుక్కీ అది వడ్డించి, ఫేబీకి మాత్రం అప్పుడే వేయించిన గుడ్డు వేసింది.

"నాకూ పులుసెయ్యి పిన్నీ."

కరుణ గుమ్మంలో చెప్పులేసుకుంటున్న పుష్పకుమారి వైపు చూసింది. "నిన్నటిది నీకెందుకు తల్లీ? చూసినోళ్లు ఏమనుకుంటారు?"

"తలకాయ నాది!" అన్నాడు జడ్సన్ పులుసు జుర్రుతూ.

పుష్పకుమారి వెళ్లిపోయింది. ఫేబీ గుడ్డు ముట్టుకోలేదు. "జూన్‌లో నెల్లూరు హాస్టల్లో చేరదామనుకుంటుండా," అంది. అని, కరుణ ముఖంలోకే చూసింది. నోర్ముయ్, ఏం హాస్టలే నీకు, అంటుందేమోనని.

కరుణ గుడ్డున్న పళ్లాన్ని ఇంకాస్త ఫేబీ ముందుకు జరిపింది.

"నీకెట్టా ఇష్టమైతే అట్టనే తల్లీ."

ఫేబీ తండ్రి వైపు తిరిగింది. "అయితే ఖాయం నాన్నా. జూన్‌లో పోతుండా."