పాలు కలిపిన వాన

పాలు కలిపిన వాన వాసన వేరు.

పుల్లగా ఉంటుంది. కోటుకి పట్టిందంటే ఓ పట్టాన వదలదు.

ఉత్త నీళ్ళు కెమెరాకి ఆనవు. అందుకే పారిస్ శివార్లలో, మార్న్ ఏటి ఒడ్డున మా సినిమా స్టూడియోలో ట్యాంకులో పాలు కలిపి, గొట్టాలతో వాన కురిపించేవాళ్ళు. ఆ వానలో ముప్పై ఏళ్ళు తడిసినవాడు చిన్న వేషాల నటుడు ఎమిల్యెన్ కజాలిస్. ఆ కోటు ఆరబెట్టినదాన్ని నేను, బట్టల గది ఒడిల్‌ని.

పోలీసుగా తడిశాడు. దొంగగా తడిశాడు. శవంగా కూడా...

ఎక్కడో చూసిన ముఖమే అని, వీధిలో జనం అతన్ని మందుల షాపాయన అనుకుని పలకరించేవాళ్ళు. అతనూ వాళ్ళ దగ్గు సంగతి అడిగి పంపేవాడు.

తెరమీద ముఖం అతనిదే. గొంతు మాత్రం ఎన్నడూ అతనిది కాదు.

ఫ్రాన్స్‌లో దక్షిణాదివాడు. సెత్ రేవులో చేపలమ్మిన తల్లి కొడుకు. ఆ యాసతో నోరు తెరిస్తే వెల్లుల్లి వాసనొస్తుందని పారిస్ వాళ్ళ వెటకారం. షూటింగ్ అయ్యాక, డబ్బింగ్ చేసే చీకటి గదిలో, ఇంకెవరి గొంతో తెచ్చి అతని పెదాలకి అతికించేవాళ్ళు. నాకు ఒళ్ళు మండేది. అతను భుజాలెగరేసి ఊరుకునేవాడు.

భార్య లుసెట్‌కి చక్కెర జబ్బుతో చూపు పోయింది. అప్పట్నించీ ఆమెకి సినిమా అంటే వినేదే. అతని సినిమాల్లో అతను లేడు.

"ఒక్కసారి నీ మాట వినిపించవయ్యా," అనేది. "ఒక్కటి చాలు."

అరవయ్యో ఏట అడిగాడు. జీవితంలో మొదటిసారి నోరు విప్పి, ఈసారి నా గొంతే ఉంచండని ఒక దర్శకుణ్ణి అడిగాడు. రైలు గేటు కాపలావాడి వేషం. వానలో వచ్చిన హీరోకి తలుపు తీసి ఒక్క మాట అనాలి. ఆ కుర్ర దర్శకుడు నవ్వి, మీ గొంతు కోసమే మిమ్మల్ని పిలిచానన్నాడు.

చీకటి గదికి ఎమిల్యెన్ నన్నూ తోడు రమ్మన్నాడు. మైకు ముందు నిలబడి టై సరిచేసుకున్నాడు. తెరమీద తన పెదాలు కదిలాయి...

"తడిసిపోయారు. దయచేసి లోపలికి రండి."

అయ్యో.

అచ్చం పారిస్ వాడిలా పలికాడు. నున్నగా. ఇస్త్రీ చేసినట్టు. ఇన్నేళ్ళూ తనకి అతికించిన గొంతులు విని విని, సినిమాలో మాటంటే అలాగే ఉండాలనుకున్నాడు. దర్శకుడు మళ్ళీ చెప్పించాడు. మళ్ళీ. మీ ఊళ్ళో ఎలా అంటారో అలా అనండి అని బతిమాలాడు. రాలేదు. మైకు ముందు ఆ ఊరు నోటికి రాలేదు.

సినిమా విడుదలైంది. ఆదివారం మ్యాట్నీ. లుసెట్ నీలం టోపీ పెట్టుకుంది. ఆమెకి అటు అతను, ఇటు నేను.

తెరమీద వాన. తలుపు తెరుచుకుంది. మాట వచ్చింది — వెళ్ళిపోయింది.

లుసెట్ ఇంకా చెవులు రిక్కించుకునే ఉంది.

దీపాలు వెలిగాయి.

"నీదెప్పుడొచ్చింది? నాకు వినపడలేదేం?"

అతను నా వైపు చూశాడు. నాది ఊరుకునే నోరు కాదు. ఆ రోజు ఊరుకుంది.

"తీసేశారు లుసెట్," అన్నాడు. "నిడివెక్కువైందంట."

వాడి చేతులు పడిపోను అంటూ ఆమె ఆ దర్శకుణ్ణి మెట్ల దాకా తిట్టింది. పాపం, ఆ కుర్రాడేం చేశాడు! అతను వింటూ నడిచాడు. అంత అలిసిపోయిన మనిషిని నేనెప్పుడూ చూడలేదు.

బయట వాన. నిజం వాన. లుసెట్ తెలియక గుమ్మం దాటేసింది.

"తడుస్తన్నావే... ఇట్రా. లోపలికి రా."

రేవు గాలి, వెల్లుల్లి, చేపలమ్మిన తల్లి కేక, అన్నీ అతని ఆ మాటలో ఉన్నాయి. నాకు ఏడుపొచ్చేసింది.

లుసెట్ ఆగింది. అతని చెయ్యి వెతుక్కుంది.

"ఇదిగో, ఈ గొంతు... దీన్నెలా తీసెయ్యబుద్ధేసిందయ్యా వాళ్ళకి?"

అతను కోటు విప్పి ఆమెకి కప్పాడు.

ఈ వానలో పాలు లేవు. వాసనా లేదు. కనబడీ కనబడకుండా... కురుస్తూనే ఉంది.