ఎకో అత్త సాక్ష్యం

పొద్దున్నే మేకల్ని తోలుకుని లోయ అంచుకి రాగానే పొలిక్సేనీ చేసే మొదటి పని ఎకో అత్తని పలకరించడం.

"అత్తా, నేను బానే ఉన్నా. నువ్వెలా ఉన్నావు?"

"నువ్వెలా ఉన్నావు?" అని లోయలోంచి జవాబొచ్చేది.

"మోకాళ్ళు పట్టేశాయి. ఈ నల్ల మేక చూడు, నా మాట చెవిన పెట్టదు. ఏం చేద్దామంటావు?"

"ఏం చేద్దామంటావు?"

"అమ్మేద్దామా?"

"అమ్మేద్దామా?"

"నీకూ మనసొప్పడం లేదన్నమాట," అనుకుని పొలిక్సేనీ రాయి మీద కూర్చుని రొట్టె విప్పుకునేది.

అర్కాడియా కొండల్లో మా పెట్రోవ్రిసి ఊరు ఎంత పాతదో ఎకో అత్త అంతకన్నా పాతది. ఒకప్పుడు ఆవిడా మనిషేనట, పెద్ద వాగుడుకాయట. దేవతల రాణి హేరా మొగుణ్ణి వెతుక్కుంటూ వస్తే కబుర్లు చెప్పి నిలబెట్టేసిందట. ఆ సందులో మొగుడు జారుకున్నాడు. హేరా కోపం మొగుడి జోలికి పోలేదు, ఈవిడ నాలుక మీద పడింది. ఇక నీ అంతట నువ్వు మాట్లాడలేవు, ఎదుటివాళ్ళ చివరి మాటలే తిరిగి అప్పజెప్పుకుంటూ బతుకు అంది. ఆ తర్వాత ఎవడో అందగాడు కాదన్న దిగులుతో ఒళ్ళంతా కరిగిపోయి గొంతొక్కటే మిగిలింది. మా ఊళ్ళో ఈ సంగతి ఫలానా ఆవిడకి చెవుడు అన్నంత మామూలుగా చెప్పుకుంటారు. శనివారం శనివారం వంతులవారీగా గుహ ముందు రొట్టె, గుప్పెడు ఆలివ్ కాయలు పెడతారు. సోమవారానికి గిన్నె ఖాళీ అవుతుంది.

ఊళ్ళో మిగతావాళ్ళు ఆవిడకి తమ పేరు వినిపించి, అది తిరిగొస్తే మురిసిపోయేవాళ్ళు. పొలిక్సేనీ ఒక్కతే చివరి మాట ఆవిడకి పనికొచ్చేలా మాటలు పేర్చుకుని మాట్లాడేది. నలభై దాటిన మనిషి. మొగుడు పోయి పదేళ్ళయింది. ముప్పై రెండు మేకలు, తేనె పూసినా కరుకు తగ్గని నోరు, అవే ఆమె ఆస్తి.

ఊళ్ళో ఇంకో ఆచారం ఉంది. పెద్ద తగాదా వస్తే లోయ అంచున తేల్చుకోవాలి. ఫిర్యాదు చేసేవాడు గట్టిగా చెప్పిన మాటని ఎకో అత్త తిరిగి అంటే ఆ మాట నిజమైనట్టే. పట్నం నుంచి వచ్చే పోలీసు సార్జెంటు అది రాసుకుని వెళ్తాడు, కోర్టూ కాదనదు. ఎకో అత్త ఎవరి మాటైనా తిరిగి అంటుంది గనక ముందు మాట్లాడినవాడిదే గెలుపు. ముందు మాట్లాడే హక్కు ప్రెసిడెంటుది. ఇందులో తిరకాసు ఊరందరికీ తెలుసు. తెలిసీ ఊరుకునేవాళ్ళు, ఎందుకంటే ఎప్పుడూ పోయేది పక్కవాడి పొలమే.

ప్రెసిడెంటు థొడోసిస్‌కి తన గొంతంటే ప్రాణం. ఆదివారం ఉపన్యాసం ఉందంటే గురువారం నుంచే లోయ దగ్గరికొచ్చి సాధన చేసేవాడు. తన మాట తనకే తిరిగి వినబడుతుంటే కళ్ళు మూసుకుని తలాడించేవాడు.

"ఆ ముసలిదానికి నేనంటే ఎంత అభిమానమో చూడు," అనేవాడు కాఫీ కొట్లో. "ఒక్క మాట పొల్లు పోనివ్వదు."

ఆ ఆగస్టులో సెయింట్ ఎలియాస్ గుడి వెనక కొండవాలు తగలబడింది. పైన్ చెట్లు, అడవి తేనెపట్లు, పొలిక్సేనీ మేకలు మేసే పొదలు, అన్నీ రెండు రోజుల్లో బూడిదయ్యాయి. ఆడామగా గొంగళ్ళు తడిపి కొట్టి, చేతులు బొబ్బలెక్కాక గానీ మంటలు ఆగలేదు. మూడో రోజే ప్రెసిడెంటు కాఫీ కొట్లో తేల్చేశాడు. కొత్త గడ్డి మొలుస్తుందని మేకలవాళ్ళు నిప్పు పెట్టడం ఎక్కడైనా ఉన్నదేనట. ఆ వాలు మీద మేకలు కాసేది పొలిక్సేనీయేనట. కాలిన నేల ఎటూ అడవిగా పనికిరాదు గనక ద్రాక్షతోట వేయిస్తానని కూడా అన్నాడు. ఎవరికోసమో అడిగిన మనిషి లేడు.

పాలు పోస్తుంటే పొలిక్సేనీ చెవిన పడింది ఆ మాట.

"నా మేకల నోటి కాడ తిండి నేనే కాల్చుకుంటానా?" అంది కాఫీ కొట్టు గుమ్మంలో నిలబడి. ఎవరూ తలెత్తలేదు. పేకముక్కలు కలిపే చప్పుడు మాత్రం ఆగింది.

"ఆదివారం లోయ దగ్గర చెప్పుకో," అన్నాడు ప్రెసిడెంటు.

"చెప్పుకోవడం ఎందుకు? చెప్పిస్తాను."

"ఊరొదిలి మీ అక్క దగ్గరికి పోరాదూ, గొడవుండదు," అంది పాలు పోయించుకునే కొట్టువాడి భార్య మెల్లిగా.

"పారిపోతే నిప్పు నేను పెట్టినట్టే కదా వదినా. నేను పోను."

ఆదివారం ప్రార్థన కాగానే ఊరంతా లోయ అంచుకి నడిచింది. సార్జెంటు జీపు ఇంజను ఆపలేదు. ఖైదీని ఎక్కించుకుని భోజనాల వేళకి పట్నం చేరాలని అతని తొందర. పొలిక్సేనీ జైలుకి పోతే మేకల్ని వేలం వేస్తారని ఇద్దరు ముగ్గురు అప్పుడే వాటి పొదుగులు చూస్తున్నారు. ప్రెసిడెంటు ఇస్త్రీ చొక్కాలో వచ్చాడు. వెనకే భార్య లంబ్రీని. ఆవిడ సొంతంగా మాట్లాడగా విన్నవాళ్ళు తక్కువ. ఆయన "ఎండగా ఉంది కదూ" అంటే "ఎండగా ఉంది" అనేది, "పద" అంటే "పద" అనేది.

ప్రెసిడెంటు గొంతు సవరించుకున్నాడు.

"మన కొండని తగలబెట్టిందెవరో ఇవాళ నేను చెబుతాను!"

"నేను చెబుతాను," అంది లోయ.

పొలిక్సేనీ నవ్వింది. "విన్నారా? అత్త చెబుతానంటోంది."

"అది నా మాటే," అన్నాడు ప్రెసిడెంటు విసుగ్గా.

"నా మాటే," అంది లోయ.

వెనక వరసలో ఎవరో కిసుక్కుమన్నారు. ప్రెసిడెంటు మెడ ఎర్రబడింది. సార్జెంటు వైపు తిరిగి రాసుకొమ్మని సైగ చేసి, రెండు చేతులూ నోటి దగ్గర పెట్టుకుని అరిచాడు.

"నిప్పు పెట్టింది పొలిక్సేనీ!"

సార్జెంటు కలం కాగితానికి ఆనించి చూస్తున్నాడు. లోయలోంచి ఏమీ రాలేదు.

దూరంగా ఒక గాడిద ఓండ్రపెడితే దాని చివర కూడా తిరిగొచ్చింది. ప్రెసిడెంటు మాట మాత్రం రాలేదు.

"గాలి ఎదురుగా ఉంది," అన్నాడాయన. రెండడుగులు ముందుకేసి మళ్ళీ అరిచాడు. "పొలిక్సేనీ!"

ఏమీ లేదు.

"పొలిక్సేనీ! పొలిక్సేనీ!" గొంతు పగిలింది. అంచు మీదికి వంగి, పాలేరుని గదమాయించినట్టు గదమాయించాడు. "ఏం, నోరు పడిపోయిందా? తరతరాలుగా ఈ ఊరి రొట్టె తేరగా తింటున్నావు. చెప్పు!"

"చెప్పను."

ఆ మాట పెద్దగా రాలేదు. బొంగురుగా, ఎన్నాళ్ళో వాడని తలుపు తెరుచుకున్నట్టు వచ్చింది. కొందరు ఆకాశం వైపు చూశారు, హేరా పిడుగు వేస్తుందేమోనని. మబ్బు తునక కూడా లేదు.

"ఏమంది?" అన్నాడు సార్జెంటు.

"చెప్పనంది," అంది పొలిక్సేనీ. ఇన్నేళ్ళ కబుర్లలో ఆవిడ సొంత మాట వినడం ఆమెకీ ఇదే మొదలు. "రాసుకోండి సార్జెంటు గారూ. ఆచారం ప్రకారం లోయ అన్నదే రాయాలి కదా."

"ఇది చెల్లదు," అన్నాడు ప్రెసిడెంటు. "ముసలిదానికి మతి పోయింది. ఆచారం లేకపోతే పోనీ, నేను కళ్ళారా చూశానని రాయండి. ఇదిగో, నా భార్య కూడా చూసింది. చూశానని చెప్పవే."

"చూశాను," అంది లంబ్రీని.

ప్రెసిడెంటు చేతులు దులుపుకున్నాడు. సార్జెంటు జీపు తలుపు తెరిచాడు.

లంబ్రీని మాత్రం అక్కడే నిలబడి లోయలోకి చూస్తోంది. పెదవులు కదులుతున్నాయి గానీ మాట రావడం లేదు. వంటింట్లో ఒంటరిగా ఉన్నప్పుడు మనిషి తనలో తను గొణుక్కున్నట్టుంది ఆ కదలిక. మొగుడు "పద" అన్నాడు.

"పదను," అంది.

తప్పుగా వచ్చింది మాట. ఎవరూ నవ్వలేదు. ఆవిడ దాన్ని సరిచేసుకుంది.

"రాను. చూశానన్నాను కదా, ఏం చూశానో చెప్పనీ."

"లంబ్రీనీ, నోర్మూసుకో."

"కొండ తగలబడిన రోజు తెల్లారకముందే ఈయన కంచర గాడిద మీద రెండు కిరసనాయిలు డబ్బాలు కట్టుకుని గుడి వెనక్కి పోయాడు. వచ్చేటప్పటికి డబ్బాలు లేవు, కనుబొమలు లేవు. పొయ్యి ముట్టిస్తుంటే కాలాయని మీ అందరికీ చెప్పాడు. మా ఇంట్లో ఆయన పొయ్యి ముట్టించడం మీలో ఎవరైనా చూశారా?"

అందరూ ప్రెసిడెంటు కనుబొమల వైపు చూశారు. అప్పుడప్పుడే మొలుస్తున్నాయి. ఆయన అదే గొంతుతో ఏదో మొదలుపెట్టాడు. ఆ మాట లోయలోకి పోయి అక్కడే ఉండిపోయింది. మళ్ళీ ఎత్తుకున్నాడు, మధ్యలో ఆగాడు. తన మాట తిరిగి వినబడకపోతే తర్వాతేం అనాలో ఆయనకి తోచలేదు.

"చొక్కా మూడుసార్లు ఉతికాను," అంది లంబ్రీని. "వాసన పోలేదు. బావి గట్టు మీద ఆరేసే ఉంది. పోయి చూసుకోండి."

సార్జెంటు జీపు ఇంజను ఆపేశాడు. చొక్కా తెమ్మని ఇద్దర్ని పంపి, ప్రెసిడెంటుని జీపు పక్కన నిలబెట్టాడు. పొలిక్సేనీ భుజం మీది శాలువా తీసి తను రోజూ కూర్చునే రాయి మీద పరిచింది. లంబ్రీని కూర్చుంది. మేకల పొదుగులు చూసినవాళ్ళు నెమ్మదిగా వెనక వరసలోకి జరిగారు.

సార్జెంటు కొత్త కాగితం తీశాడు. "థొడోసిస్ గారి భార్య అని రాయనా?"

"లంబ్రీని అని రాయి. సున్నా మర్చిపోకు, అందరూ మర్చిపోతారు."

ఆవిడ చెప్పింది. కిరసనాయిలు ఎక్కడ కొన్నాడో, ద్రాక్షతోట ఎవరి పేరు మీద పెట్టాలనుకున్నాడో, అంతకుముందు ఇదే లోయ దగ్గర ఎవరెవరి పొలాలు ఏ మాటతో పోయాయో చెప్పింది. చెప్పినంతసేపూ ఎకో అత్త ఒక్క మాట తిరిగి అనలేదు. వింటోంది.

కాగితం అడుగుదాకా నిండింది. సార్జెంటు కలం ఆవిడ చేతికి ఇవ్వబోయాడు.

"అంతేనా అమ్మా? ఇక్కడ సంతకం పెట్టండి."

"అప్పుడేనా?" అంది లంబ్రీని. "కాగితం తిప్పు."