తాగమన్న మాట

కట్టు కట్టిన చెయ్యి తడవకుండా పైకెత్తి పట్టుకుని, ఒంటిచేత్తో కాఫీ గిన్నెలు కడుగుతోంది రెడ్డెమ్మ. పిడికిట్లో ఇమిడిపోయే చిన్న గిన్నెలు, నిన్న సాయంత్రం నుంచి అలాగే పడున్నాయి. ఆ చెయ్యి కాల్చినావిడ మొగుడు తాగిపోయిన గిన్నె కూడా తనే కడగాలి, ఏం ఖర్మో!

కాల్చింది మామా, అంటే ఆ అరబ్బు ఇంటి యజమానురాలు; యజమానిని బాబా అంటారు. పాలు పొంగిపోయాయని, సాంబ్రాణి బొగ్గులు తీసే పట్టకారును ఎర్రగా ఉన్నది ఉన్నట్టే మోచేతి కింద పెట్టి నొక్కింది. ఎనిమిదేళ్లు ఆ ఇంటికి చాకిరీ చేసిన రెడ్డెమ్మ ఆ పూటే బయటపడి మంగఫ్ పేటలో ఉండే కుల్సుమ్ బీ గదికి చేరింది. కుల్సుమ్ బీ కడప మనిషి, అరబ్బీ బాగా వచ్చు. స్టేషన్‌కి వెంటబెట్టుకుపోయి కేసు పెట్టించింది. అదే ఇంట్లో డ్రైవరుగా ఉన్న మొగుడు రామాంజులు రోజూ వచ్చి కట్టు మారుస్తాడు గానీ, అప్పట్నుంచీ ఒకటే పాట. నువ్వు మాఫీ చేశానని సంతకం పెడితే కేసు ఖలాస్, రాజీ పడు అంటాడు. ఊర్నుంచి అత్తగారు ఫోన్లో, ఒక మచ్చకి ఇంత రచ్చనా అంది. మచ్చ ఆవిడ కొడుక్కి పడి ఉంటే ఏమనేదో.

నిన్న రామాంజులు వచ్చి, బాబా తన అన్నదమ్ములతో వస్తున్నాడు, ఏలకులు బాగా వేసి కాఫీ కాయి, నా పరువు తియ్యొద్దు అన్నాడు. యజమాని తనుండే గదికి! క్షమించమని అడగడానికే వస్తున్నాడని రెడ్డెమ్మకు గుండె నిండింది. సలుపుతున్న చేత్తోనే కాచి ముగ్గురి ముందూ పెట్టింది. బాబా గిన్నె అందుకుని, పెదవికి ఆనించకుండా నేల మీద పెట్టాడు.

ఆ పద్ధతి రెడ్డెమ్మకు తెలుసు. బాబా ఇంట్లో మగవాళ్లు కూర్చునే దివానియాలో ఎన్నిసార్లు చూసిందో. ఏదైనా కోరి వచ్చినవాడు కాఫీ ముట్టడు. ఇంటివాళ్లు తాగమన్నారంటే కోరింది ఇచ్చేసినట్టే. ఇప్పుడు తనను అడుగుతారని, గుమ్మం దగ్గర నిలబడి మాటలు కూడబలుక్కుంది. ముందు మామా వచ్చి ఈ చెయ్యి చూడాలని చెప్పాలనుకుంది.

"తాగండి బాబా," అన్నాడు రామాంజులు.

ముగ్గురూ గుక్కలో తాగేశారు. రేపు స్టేషన్‌కి రమ్మని రామాంజులుతోనే చెప్పి లేచారు. ఒక్కరూ ఆమె వైపు చూడలేదు.

"ఏమ్మే, అట్ల చూస్తావు? వచ్చినోళ్లు ముట్టకుండ కూసుంటే మనూర్లో అనమా? మర్యాదకి అన్న్యా, అంతే," అన్నాడు వాళ్లు పోయాక రామాంజులు.

నమ్మింది పిచ్చిది. మనవాళ్లు అంతే కదా, అతిథి తినేదాకా ప్రాణం తీస్తారు, పాపం పొరపాటున నోరు జారాడు అనుకుంది. అన్నం కూడా వడ్డించింది.

ఆఖరి గిన్నె బోర్లిస్తుంటే ఫోన్ మోగింది. ఊర్నుంచి మరిది.

"వదినా, శానా మేలు చేస్తాండావు. బాబా నాకు వీసా తీస్తాడని అన్న పోయిన వారమే చెప్పినాడు. నువ్వు కేసు తీసేస్తే సాలంట."

పోయిన వారమే. రెడ్డెమ్మ నీళ్లు కట్టేయడం కూడా మరిచి అలాగే నిలబడింది. ఏళ్ల తరబడి ఆ దివానియా గుమ్మంలో కాచుకుని కూర్చున్న మనిషికి, ముట్టని కాఫీ సంగతి తెలియదా? నోరు జారిందీ లేదు, మర్యాదా లేదు. మామా పట్టకారు కోపంలో పెట్టింది. వీడు ఆలోచించుకుని, వారం రోజులు తన పక్కన కూర్చుని కట్టు మారుస్తూ, మందు రాస్తూ, నొప్పి తగ్గిందా అని అడుగుతూ పెట్టాడు. ఆ అడగడమే ఇప్పుడు మండిపోతోంది. పైగా ఆ బేరానికి కాఫీ తనచేతే కాయించాడు! ఏడుపొచ్చింది. ఏడ్చింది కూడా, కుళాయి అలాగే వదిలేసి.

స్టేషన్‌లో ఆఫీసరు కాగితం ఆమె ముందుకు జరిపాడు. ఒక పక్క బాబా, ఇంకో పక్క రామాంజులు. నీ ఇష్టప్రకారమే మాఫీ చేస్తున్నావా అని అడుగుతున్నాడని కుల్సుమ్ బీ చెప్పింది. రామాంజులు మెల్లగా, ఊఁ అను, అన్నాడు.

రెడ్డెమ్మ కట్టున్న చేతిని బల్ల మీద పెట్టింది.

"తాగమన్నది ఆయప్ప. కాలింది నా చెయ్యి. నేనింకా తాగమన్లేదని చెప్పు, కుల్సుమక్కా."