కుర్చీలో ఇద్దరు

"ప్రయోగం వేరు, తప్పు వేరమ్మా," అన్నారు ఫిల్మ్ క్లబ్ సెక్రటరీ గారు లైట్లు వేస్తూ. "ఒకే కుర్చీలో ఇద్దరు మనుషులేంటి? జనం నవ్విపోతారు. గురువారంలోగా మళ్ళీ తీసి పట్రా. లేదంటే నీ సినిమా వెయ్యం."

తప్పేనండీ, కాదన్నదెవరు! వాడేసిన రీలు డబ్బాకి ఎర్ర టేపు అంటించాలని పదిమందికి పాఠాలు చెప్పేదాన్ని, నా డబ్బాకే మరిచిపోయాను. రెండేళ్ళ కిందట, కెమెరా కొన్న రోజున, మా టైలరింగ్ షాపు గుమ్మంలో నిలబడి, కుర్చీలో ఉన్న నాన్నని తీసి, కడిగించకుండా వదిలేసిన రీలు అది. కొత్తదనుకుని మళ్ళీ కెమెరాలో ఎక్కించాను.

ఈసారి తీసింది నా కలని. నాన్న పోయి ఏడాదైంది. అప్పట్నుంచీ ఒకటే కల. ఆయన కుట్టుమిషను ముందు కూర్చుని ఉంటారు. నేను గుమ్మంలోంచి పిలుస్తాను. ఎంత అరిచినా తల ఎత్తరు. ఒళ్ళు మండిపోయి మెలకువ వచ్చేస్తుంది. అందుకే అన్నయ్యకి నాన్న చొక్కా తొడిగి, అదే కుర్చీలో కూర్చోబెట్టి, "చచ్చినా తల ఎత్తకు" అని చెప్పి, అదే గుమ్మంలోంచి తీశాను.

రీలు కడిగించి చూస్తే, తల వంచుకున్న అన్నయ్య మీదే నాన్న! తల ఎత్తి సూటిగా నన్నే చూస్తున్నారు. ఆ రోజు "నాన్నా, ఒక్కసారి ఇటు" అని పిలిచింది నేనే మరి. ఎంత ఏడ్చానో నాకే తెలుసు.

"మళ్ళీ తియ్యనండి," అన్నాను.

"మొండికెయ్యకు. పోనీ, ఇది కల, దీని అర్థం ఫలానా అని మొదట్లో రెండు ముక్కలు రాయి."

"మీ కలలకి ముందు బోర్డు పెడతారా ఎవరైనా?"

రీలు చంకన పెట్టుకుని వచ్చేశాను.

గురువారం సాయంత్రం నాన్న షాపులోనే గోడకి తెల్ల లైనింగు గుడ్డ బిగించాను. చుట్టుపక్కల షాపులవాళ్ళందరినీ కేకేశాను. ఏడాదిగా ఆ గడప తొక్కని అమ్మని బతిమాలి తెచ్చి, బెంచీ మీద అన్నయ్య పక్కన కూర్చోబెట్టాను. "నీ పిచ్చి సినిమాలూ నువ్వూ," అని గొణుగుతూనే ఉంది.

గుడ్డ మీద నాన్న తల ఎత్తారు. ఒక్కరు నవ్వితే ఒట్టు.

అమ్మ కళ్ళు తిప్పకుండా చూస్తూ, పక్కనున్న అన్నయ్యని మోచేత్తో పొడిచింది.

"కాస్త జరగరా. మీ నాన్న ఎంతసేపని అలా ఇరుక్కుని కూర్చుంటారు?"

తెర మీది అన్నయ్య ఎక్కడ కదులుతాడు? బెంచీ మీది అన్నయ్యే లేచి నిలబడ్డాడు.